డబ్బా మీది పేరు చూసి డ్రైవర్ ఎక్కించకు

బీర్పూర్ మండలమైంది 2016లో. అంతకుముందు మాది సారంగాపూర్ మండలం, కరీంనగర్ జిల్లా. జగిత్యాల జిల్లా అయ్యాక ఆఫీసులు దగ్గరికి వచ్చాయి, పనులు మాత్రం కంప్యూటర్‌లోకి పోయాయి. భూమి కాగితాలకు మొదట ధరణి, 2025 ఏప్రిల్ నుంచి భూభారతి. కులం, ఆదాయం సర్టిఫికెట్లకు మీసేవ. పిల్లలకు ఎప్‌సెట్ దరఖాస్తు, కౌన్సెలింగ్ ఆప్షన్లు. ఇవి కాక దుబాయి, మస్కట్‌లో ఉన్న కొడుకులతో, భర్తలతో వీడియో మాటలు.

వీటికోసం ఇండ్లలోకి వచ్చినవి కొత్త కంప్యూటర్లు కావు. హైదరాబాద్ ఆఫీసులు తీసేసిన డెస్క్‌టాప్‌లు సికింద్రాబాద్ చెనాయ్ ట్రేడ్ సెంటర్ మీదుగా జగిత్యాల, కోరుట్ల దుకాణాలకు, అక్కడి నుంచి మన ఊళ్లకు వస్తాయి. వాటిలో వైఫై ఉండదు. రూటర్ ముందర అర్రలో, కంప్యూటర్ వెనుక అర్రలో. వైరు లాగాలంటే గోడకు బెజ్జం కొట్టాలి. కట్టి రెండేళ్లు కాని ఇంటికి ఎవరు బెజ్జం కొట్టనిస్తారు? అందుకే యూఎస్‌బీ వైఫై డాంగిల్. గోరంత సామాను, దాన్ని విండోస్‌తో మాట్లాడించే ప్రోగ్రాం, అంటే డ్రైవర్, ఎక్కించడం మాత్రం కొండంత పని అయి కూర్చుంటుంది.

నాది జిరాక్స్, ఆన్‌లైన్ పనుల దుకాణం. పని నేర్చుకోవడానికి వచ్చే పిల్లలకు నోటితో చెప్పేవి ఇక్కడ రాసి పెడుతున్నాను.

1. డబ్బా మీద ఉండేది అమ్మేవాడి పేరు. డ్రైవర్‌కు కావలసింది చిప్పు పేరు.

డాంగిళ్లు అమ్మే కంపెనీలు లెక్కలేనన్ని. లోపలి చిప్పు చేసేవాళ్లు కొద్దిమందే. మన దగ్గరికి వచ్చే చవక రకాల్లో ఎక్కువ భాగం తైవాన్‌కు చెందిన రియల్‌టెక్‌వి, మీడియాటెక్‌వి. పాతవాటిలో రాలింక్ అని కనబడితే అది కూడా మీడియాటెక్ కిందికే వస్తుంది, 2011లో ఆ కంపెనీని వీళ్లే కొనుక్కున్నారు. పేరులేని డబ్బాలో, ప్లాస్టిక్ కవరులో, దుబాయి నుంచి వచ్చిన సూట్‌కేసులో ఏ రూపంలో వచ్చినా లోపల ఉండేది సాధారణంగా వీటిలో ఒకటి.

పేరున్న కంపెనీ సామానైతే చాలనుకునేవాళ్లకు నేను చూపించే ఉదాహరణ టీపీ-లింక్ వారి డబ్ల్యూఎన్722ఎన్. అడుగు నుంచి పైకి లేచే యాంటెన్నా, తెల్లటి ఒళ్లు, అదే పేరు. మొదటి వెర్షన్‌లో అథెరోస్ చిప్పు ఉండేది. రెండో వెర్షన్ నుంచి రియల్‌టెక్ 8188 పెట్టారు. దాని డ్రైవర్ దీనికి పనికిరాదు, దీనిది దానికి పనికిరాదు. డబ్బా మీద మోడల్ పేరు పెద్ద అక్షరాల్లో ఉంటుంది, వెర్షన్ అంకె మాత్రం సీరియల్ నంబర్ పక్కన చీమకాలంత అక్షరాల్లో ఉంటుంది. కండ్లద్దాలు తీసుకుని ముందు ఆ అంకె చదవాలి. అలా చదివేవాళ్లను వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు.

2. నెట్‌ను అడిగే ముందు కంప్యూటర్‌ను అడుగు.

డాంగిల్ మీద ఏమీ రాసి లేకపోయినా అది తన పేరు దాచుకోదు. యూఎస్‌బీ పోర్టులో పెట్టగానే ప్రతి పరికరమూ రెండు నంబర్లు చెబుతుంది: తయారీదారుడి నంబరు ఒకటి, వస్తువు నంబరు ఒకటి. విండోస్‌లో స్టార్ట్ బటన్ మీద రైట్ క్లిక్ చేసి డివైస్ మేనేజర్ తెరువు. డ్రైవర్ లేని డాంగిల్ ‘అదర్ డివైసెస్’ కింద పసుపు గుర్తుతో కూర్చుని ఉంటుంది. చాలాసార్లు ‘802.11ఎన్’ అని మొదలయ్యే పేరు కనబడుతుంది, ఆ పేరుతో మనకు ఉపయోగం లేదు. దానిమీద రైట్ క్లిక్, ప్రాపర్టీస్, పైన డీటెయిల్స్ ట్యాబ్, కింద జాబితాలో ‘హార్డ్‌వేర్ ఐడీస్’. అప్పుడు వీఐడీ, పీఐడీ అని రెండు కనబడతాయి.

వీఐడీ 0బీడీఏ అయితే రియల్‌టెక్. దాని పక్కన పీఐడీ 8179 ఉంటే అది 8188 కుటుంబంలోని ఈయూఎస్ రకం, ఊళ్లలో ఎక్కువగా తిరిగేది అదే. వీఐడీ 148ఎఫ్ అయితే రాలింక్. పీఐడీ 7601 ఉంటే మీడియాటెక్ 7601. వీఐడీ 2357 వస్తే టీపీ-లింక్ సొంత నంబరు వేసుకుంది, అప్పుడు రెండో నంబరు చూస్తే గాని లోపలి చిప్పు తెలియదు.

ఈ రెండు నంబర్లు కాగితం మీద రాసుకున్నాకే మిగతా పని. ‘వైఫై డ్రైవర్ ఫ్రీ డౌన్‌లోడ్’ అని వెతికేవాడికి లక్ష ఫలితాలు వస్తాయి, అందులో తనకు కావలసింది ఏదో వాడికి తెలియదు. నంబర్లతో వెతికేవాడికి ఫలితాలు తక్కువ వస్తాయి, వచ్చినవి పనికొస్తాయి.

3. నెట్ కోసం డ్రైవర్, డ్రైవర్ కోసం నెట్.

పెళ్లయితే పిచ్చి కుదురుతుంది, పిచ్చి కుదిరితే గాని పెళ్లి కాదు అన్నట్టుంటుంది ఇక్కడ. దీనికి మందు జేబులోనే ఉంది. ఆండ్రాయిడ్ ఫోన్‌ను చార్జింగ్ కేబుల్‌తో కంప్యూటర్‌కు కలుపు, ఫోన్ సెట్టింగ్స్‌లో హాట్‌స్పాట్ దగ్గర ‘యూఎస్‌బీ టెథరింగ్’ ఆన్ చెయ్యి. విండోస్ 7 తర్వాత వచ్చినవి ఏవైనా సరే, ఫోన్‌ను వైరు నెట్‌వర్క్ లాగా గుర్తుపట్టి నెట్ తీసుకుంటాయి. ఐఫోన్ అయితే కంప్యూటర్‌లో యాపిల్ వాళ్ల సాఫ్ట్‌వేర్ ముందే ఉండాలి, కాబట్టి ఇంట్లో ఆండ్రాయిడ్ ఎవరిదుంటే వారిది అడుగు.

టెథరింగ్ గుర్తు మసకగా ఉండి నొక్కనివ్వకపోతే కేబుల్ మార్చు. బజార్లో దొరికే చవక కేబుళ్లు కొన్నింటిలో చార్జింగ్ తీగలే ఉంటాయి, డేటా తీగలు ఉండవు. ఫోన్ చార్జ్ అవుతుంది కదా అని మనవాళ్లు కేబుల్‌ను అనుమానించరు.

నెట్ వచ్చాక డాంగిల్ పెట్టి చేతులు ముడుచుకుని కూర్చో. విండోస్ 10, 11 తమంతట తామే డ్రైవర్ వెతికి తెచ్చుకుంటాయి. కాసేపు ఆగి చూసి, రాకపోతే సెట్టింగ్స్‌లో విండోస్ అప్‌డేట్‌కు పోయి, ఆప్షనల్ అప్‌డేట్స్‌లో డ్రైవర్ల జాబితా చూడు. నా దుకాణానికి వచ్చిన డాంగిళ్లలో చాలావాటికి ఇంతకుమించి ఏమీ చెయ్యాల్సి రాలేదు. కానీ వచ్చినాయన ఇట్లా అంటాడు: “ఏందే కాకా, ఊకె కూసున్నవు? జర ఏదన్న చెయ్యరాదు!” నాలుగు కిటికీలు తెరిచి టకటక కొడితేనే పని జరిగినట్టు వాళ్లకు. ఆ తొందరకు లొంగొద్దు.

డ్రైవర్ పడగానే ఫోన్ తీసెయ్. లేకపోతే విండోస్ మిగతా అప్‌డేట్లన్నీ దించుకుని ఆ రోజు డేటా అంతా తాగేస్తుంది.

4. డ్రైవర్‌కు ఇచ్చే చనువు మామూలు ప్రోగ్రాంకు ఇచ్చేది కాదు.

మామూలు ప్రోగ్రాం ముందర అర్రలో కూర్చుని చాయ్ తాగిపోయే చుట్టం. డ్రైవర్ బీరువా తాళాలు చేతికిచ్చిన మనిషి. విండోస్ గుండెకాయలో, కెర్నల్ అంటారే, అక్కడ కూర్చుని పని చేస్తుంది. అది చెడ్డదైతే యాంటీవైరస్ కళ్లకు గంతలు కట్టగలదు, నువ్వు కొట్టే పాస్‌వర్డు చదవగలదు, నువ్వు ఏ సైటుకు పోతే ఎక్కడికి మళ్లించాలో అదే నిర్ణయించగలదు.

చెడ్డబుద్ధి లేకపోయినా ఏమవుతుందో 2024 జూలై 19న చూశాం. క్రౌడ్‌స్ట్రైక్ అనే భద్రతా సంస్థ ఒక అప్‌డేట్ ఫైలు పంపింది. అందులోని లోపం వల్ల దాన్ని చదవబోయిన ఆ సంస్థ డ్రైవరు విండోస్‌ను కూడా తనతో పాటు పడేసింది. మైక్రోసాఫ్ట్ లెక్క ప్రకారం దెబ్బతిన్న కంప్యూటర్లు 85 లక్షలు. శంషాబాద్ విమానాశ్రయంలో ఆ రోజు బోర్డింగ్ పాసులు చేత్తో రాసిచ్చారు. మన వాళ్లు గల్ఫ్‌కు ఎక్కేది అక్కడే కాబట్టి ఈ కథ ఊళ్లో ఎవరికి చెప్పినా ఇట్టే ఎక్కుతుంది. మంచి పేరున్న సంస్థ పొరపాటుకే ఇంత జరిగితే, ఎవడో ఎక్కడో తయారుచేసి పెట్టిన డ్రైవర్‌ను ‘యస్, యస్, నెక్స్ట్’ అని నొక్కుకుంటూ పోవడం ఏం ధైర్యం?

5. ఎక్కడి నుంచి తేవాలి.

మొదటి చోటు విండోస్ అప్‌డేట్, పైన చెప్పాను. రెండోది డాంగిల్ కంపెనీ సొంత సైటు, సపోర్ట్ పేజీ. అక్కడ మోడల్ ఎంచుకున్నాక వెర్షన్ కూడా అడుగుతుంది, ఒకటో పాఠంలోని చీమకాలంత అంకె అప్పుడు అక్కరకొస్తుంది. మూడోది మైక్రోసాఫ్ట్ అప్‌డేట్ కేటలాగ్. దీని సంగతి చాలామందికి తెలియదు. వెతికే పెట్టెలో వీఐడీ, పీఐడీ నంబర్లు కంప్యూటర్ చూపించినట్టే కొడితే మైక్రోసాఫ్ట్ దగ్గరున్న డ్రైవర్లు తేదీలతో సహా వస్తాయి. దిగేది క్యాబ్ ఫైలు. దాన్ని విప్పి ఒక ఫోల్డర్‌లో పెట్టి, డివైస్ మేనేజర్‌లో అప్‌డేట్ డ్రైవర్ నొక్కి, ‘బ్రౌజ్ మై కంప్యూటర్’ ఎంచుకుని ఆ ఫోల్డర్ చూపిస్తే చాలు. ఈ దారిలో సెటప్ ప్రోగ్రాం అనేదే నడవదు. డ్రైవర్ ఒక్కటే పోతుంది, దాని తోక పట్టుకుని వచ్చే టూల్‌బార్లు, ఆటలు, వాతావరణం చెప్పే ప్రోగ్రాంలు పోవు. నాకు అన్నిటికన్నా నచ్చిన దారి ఇదే.

పోకూడని చోట్లు కూడా చెప్పాలి. పేజీ నిండా పచ్చటి డౌన్‌లోడ్ బటన్లు ఉండే సైట్లలో అసలు బటన్ ఏదో కనిపెట్టడమే ఒక పరీక్ష, మిగతావన్నీ ప్రకటనలు. ‘మీ కంప్యూటర్‌లో ఇన్ని డ్రైవర్లు పాతబడ్డాయి’ అని ఎర్ర అక్షరాల్లో బెదిరించే డ్రైవర్ అప్‌డేటర్లు బాగున్న సౌండ్ డ్రైవర్‌ను, డిస్‌ప్లే డ్రైవర్‌ను కూడా కదిలిస్తాయి. నువ్వు వచ్చింది వైఫై కోసం, తెర నల్లబడితే ఎవరిని అడుగుతావు? వీడియో కింద ఎవరో పెట్టిన డ్రైవ్ లింకు సంగతి చెప్పేదేముంది.

డాంగిల్‌తో వచ్చే చిన్న సీడీ గురించి ఒక మాట. ఎనిమిది సెంటీమీటర్ల బిళ్ల. ఇప్పటి ల్యాప్‌టాప్‌లకు సీడీ డ్రైవే లేదు. ఉన్న పాత మిషన్‌లో పెట్టినా అందులోది ఏ కాలం నాటిదో, ఏ విండోస్‌కు చేసిందో. నేను దాన్ని కవరులోంచి బయటికే తీయను.

6. సంతకం ఉందా, ఎవరి సంతకం?

దించిన సెటప్ ఫైలు మీద రైట్ క్లిక్ చేసి ప్రాపర్టీస్ చూడు. ‘డిజిటల్ సిగ్నేచర్స్’ ట్యాబ్ ఉండాలి, అందులో నీకు తెలిసిన కంపెనీ పేరుండాలి. ట్యాబే లేకపోతే ఆ ఫైలు తీసి పక్కన పెట్టు. కొత్తగా ఎక్కించిన విండోస్ 10, 11లో సెక్యూర్ బూట్ ఆన్‌లో ఉంటే మైక్రోసాఫ్ట్ ముద్ర లేని కొత్త డ్రైవర్లను విండోస్ లోపలికి రానివ్వదు. డివైస్ మేనేజర్‌లో కోడ్ 52 కనబడితే అర్థం ఇదే: సంతకం సరిపోలేదు. అప్పుడు వీడియోలు చెప్పే చిట్కా ఒకటుంటుంది, రీస్టార్ట్ చేసి సంతకం తనిఖీని ఆపేయమని. ఒక డాంగిల్ కోసం ఆ తలుపు తీసి పెట్టకు. రెండు మూడు వందల సామాను, పోతే పోనీ. ఇంకొకటి కొనుక్కోమని చెప్పు.

మరి సంతకం ఉంటే కళ్లు మూసుకుని నమ్మొచ్చా? 2010లో బయటపడిన స్టక్స్‌నెట్ కథ తెలిసినవాళ్లు నమ్మరు. ఇరాన్ అణు కేంద్రంలోని యంత్రాల మీదికి పంపిన ఆ వైరస్ విండోస్‌లో దాక్కోవడానికి డ్రైవర్లనే వాడుకుంది. ఆ డ్రైవర్ల మీద ఉన్న సంతకం ఎవరిదో తెలుసా? రియల్‌టెక్‌ది. మన డాంగిళ్ల చిప్పు చేసే ఆ కంపెనీ సంతకపు తాళాన్ని ఎవరో దొంగిలించి వాడారు. ఆ ఏడాది జూలైలో ఆ సర్టిఫికెట్‌ను రద్దు చేశారు. ఈలోపు అది ఇరాన్ దాటి ఇండోనేషియాకు, మన దేశానికీ పాకింది. అందుకని సంతకమూ చూడాలి, తెచ్చిన చోటూ చూడాలి. ఒకటి బాగుంది కదా అని రెండోది వదిలెయ్యొద్దు.

7. డాంగిల్ పెడితే సీడీ డ్రైవ్ వచ్చిందా?

భయపడకు. కొన్ని రియల్‌టెక్ డాంగిళ్లు మొదట తామే ఒక సీడీ అని చెప్పుకుంటాయి. డ్రైవర్ సెటప్‌ను అందులోనే పెట్టి అమ్ముతారు. వీఐడీ 0బీడీఏ, పీఐడీ 1ఏ2బీ కనబడితే ఇదే వ్యవహారం. డ్రైవర్ పడ్డాక ఆ ముసుగు తీసి అసలు నంబరుతో వస్తుంది. అందులోని సెటప్‌కు కూడా ఆరో పాఠం వర్తిస్తుంది.

8. ఎక్కించే ముందు వెనక్కి వచ్చే దారి చూసుకో.

విండోస్ 10లో సిస్టమ్ ప్రొటెక్షన్ చాలాసార్లు ఆఫ్‌లో ఉంటుంది. సి డ్రైవ్‌కు ఆన్ చేసి ఒక రీస్టోర్ పాయింట్ పెట్టు. రెండు నిమిషాల పని. అంతకుముందు ఇంకో డాంగిల్ వాడి ఉంటే దాని డ్రైవర్ తీసెయ్: డివైస్ మేనేజర్‌లో అన్‌ఇన్‌స్టాల్ అన్నప్పుడు డ్రైవర్‌ను కూడా తొలగించాలా అని కింద చిన్న గడి అడుగుతుంది, అక్కడ టిక్ పెట్టాలి. లేకపోతే పేరు పోతుంది గాని ఫైళ్లు లోపలే ఉంటాయి, మళ్లీ డాంగిల్ పెట్టగానే ఆ పాతదే వచ్చి కూర్చుంటుంది. కొత్త డ్రైవర్ వేశాక నడవకపోతే డివైస్ మేనేజర్‌లో ఆ డాంగిల్ ప్రాపర్టీస్‌లో ‘రోల్ బ్యాక్ డ్రైవర్’ ఉంది.

మరొకటి. మీసేవ పని చేసే మిషన్ అయితే వేలిముద్ర పరికరం డ్రైవర్, దాని ఆర్‌డీ సర్వీసు, డిజిటల్ సంతకం టోకెన్ డ్రైవర్ అన్నీ అందులో ఉంటాయి. వాటిని కుదిర్చి పెట్టడానికి ఎంత తిప్పలపడ్డారో ఆపరేటర్లను అడుగు. పొద్దున పది గంటలకు జనం వరుసలో ఉండగా ఆ మిషన్‌లో వైఫై డ్రైవర్ ప్రయోగాలు పెట్టుకోవద్దు. వీలైతే దానికి వైరే వెయ్యి. అక్కడ గోడకు బెజ్జం కొట్టినా తప్పులేదు.

9. “మేము వచ్చి చేస్తం, ఒక నంబర్ చెప్పండి” అన్నవాడికి చెప్పకు.

ఈ పాఠం మీద నేను ఎక్కువసేపు నిలబడతాను. డ్రైవర్ వల్ల పోయేది ఒక పూట, దీనివల్ల పోయేది గల్ఫ్ నుంచి వచ్చిన సొమ్ము.

డాంగిల్ పనిచెయ్యకపోతే జనం కంపెనీ పేరు కొట్టి ‘కస్టమర్ కేర్ నంబర్’ అని వెతుకుతారు. పైన వచ్చే నంబర్లన్నీ కంపెనీవి కావు. అవతలివాడు మర్యాదగా మాట్లాడతాడు, హిందీలో గానీ తెలుగులో గానీ. దూరం నుంచి తెర చూసే ఒక ప్రోగ్రాం దించుకోమంటాడు. ఒకరోజు కొల్వాయి వైపు నుంచి ఒకామె కొడుకు ల్యాప్‌టాప్ సంచిలో పెట్టుకుని, ఫోన్ చెవి దగ్గరే పెట్టుకుని దుకాణానికి వచ్చింది. “కాకా, సారు లైన్ల ఉన్నడు. తెర మీద తొమ్మిదంకెలు ఉంటయట, చదివి చెప్పుమంటున్నడు. నాకు ఇంగ్లీషు అంకెలు ఆగమాగమైతయి, నువ్వు జర చదువు” అంది. ఫోన్ తీసుకుని ఏ డాంగిల్ సారూ, దాని వెర్షన్ ఎంత అని అడిగాను. అవతల కొంచెంసేపు ఉలుకూ పలుకూ లేదు, తర్వాత ముందు నంబర్ చెప్పండి అన్నాడు. ఇంకోసారి వెర్షన్ అడిగాను. లైన్ పెట్టేశాడు. ఆమె ల్యాప్‌టాప్‌లో బ్యాంకు పేజీ తెరిచే ఉంది, రీఫండ్ ఇస్తామంటే తెరిచిందట.

నిజమైన కంపెనీవాడికి వెర్షన్ చెప్పాలి. బ్యాంకు పేజీతో వాడికి పనిలేదు. ఆ అంకెలు చెప్పి ‘యాక్సెప్ట్’ నొక్కితే మౌసు వాడి చేతిలోకి పోతుంది. అప్పటికే చెప్పేసి ఉంటే ముందు నెట్ పీకెయ్యాలి, తర్వాత బ్యాంకుకు, 1930కు ఫోన్ చెయ్యాలి. 1930 సైబర్ మోసాల ఫిర్యాదు నంబరు. ఎంత తొందరగా చేస్తే డబ్బు ఆపే అవకాశం అంత ఎక్కువ. ఇంట్లో నలుగురు తిడతారని రెండు రోజులు దాచిపెట్టేవాళ్లున్నారు, ముఖ్యంగా ఆడవాళ్లు. వాళ్లను తిట్టేవాళ్ల మీదే నాకు కోపం.

10. డ్రైవర్ బాగానే ఉండి, తప్పు వేరే చోట ఉన్నవి.

పాత డెస్క్‌టాప్‌లో గడియారం చూడు. మదర్‌బోర్డు మీది బిళ్ల బ్యాటరీ అయిపోతే తేదీ ఎక్కడికో వెనక్కి పోతుంది. వైఫై కలుస్తుంది, సిగ్నల్ గీతలన్నీ ఉంటాయి, కానీ ఏ సైటు తెరిచినా భద్రత లేదని అంటుంది, ఎందుకంటే సైటు సర్టిఫికెట్ తేదీ ఈ మిషన్ తేదీకి కలవదు. డాంగిల్‌ను మూడుసార్లు మార్చి, విండోస్ కూడా మళ్లీ ఎక్కించుకుని నా దగ్గరికి వచ్చినవాళ్లున్నారు. సీఆర్2032 అనే బిళ్ల వేస్తే సరిపోయింది.

నీలం రంగు యూఎస్‌బీ 3 పోర్టు వేగమైనది కదా అని అందులో పెడతారు. ఆ పోర్టు, దాని పక్కన పెట్టిన హార్డ్‌డిస్కు 2.4 గిగాహెర్ట్జ్ దగ్గర రేడియో రొద చేస్తాయని ఇంటెల్ 2012లోనే కాగితం మీద పెట్టింది. చిన్న డాంగిల్‌ను నల్ల పోర్టులో పెట్టు, లేదా చిన్న ఎక్స్‌టెన్షన్ కేబుల్‌తో పెట్టె నుంచి దూరంగా జరుపు. చాలా డెస్క్‌టాప్‌లు బల్ల కింద గోడకు ఆనుకుని ఉంటాయి, వెనుక పోర్టులో పెట్టిన డాంగిల్‌కు ఒకవైపు ఇనుప డబ్బా, ఇంకోవైపు గోడ. పాపం దానికి ఏం వినబడుతుంది?

రూటర్ రెండు పేర్లు చూపిస్తూ డాంగిల్‌కు ఒకటే కనబడితే డాంగిల్ 2.4 మాత్రమే వినే రకం. దానికి ఏ డ్రైవర్ వేసినా 5 రాదు. ఫోన్‌కు రూటర్ కనబడి డాంగిల్‌కు కనబడకపోతే రూటర్ ఛానెల్ చూడు: 12, 13 ఛానెళ్లు మన దగ్గర ఉన్నాయి, అమెరికా లెక్కన చేసిన డాంగిళ్లు 11తోనే ఆగిపోతాయి. రూటర్‌ను 1, 6, 11లలో ఒకదానికి మార్చితే కనబడుతుంది.

కాసేపు నడిచి తెగిపోతుంటే, డివైస్ మేనేజర్‌లో డాంగిల్ ప్రాపర్టీస్‌లో పవర్ మేనేజ్‌మెంట్ ట్యాబ్. కరెంటు ఆదాకు పరికరాన్ని ఆపేయవచ్చు అన్నచోట టిక్ తీసెయ్.

11. పాత మిషన్, పాత విండోస్.

విండోస్ 7కు 2020 జనవరి 14న, విండోస్ 10కి 2025 అక్టోబరు 14న మైక్రోసాఫ్ట్ మామూలు మద్దతు ఆపేసింది. డ్రైవర్ దొరికింది, నెట్ వచ్చింది, ఇంకేం కావాలి అంటారు. 2024 జూన్‌లో మైక్రోసాఫ్ట్ ఒక లోపాన్ని మూసింది: విండోస్ వైఫై డ్రైవర్‌లోనే ఉంది ఆ లోపం. వైఫై అందేంత దగ్గరలో ఉన్నవాడు నువ్వేమీ నొక్కకపోయినా నీ మిషన్‌లోకి దూరే వీలుండేది. అప్‌డేట్ రాని మిషన్లకు ఇట్లాంటివి మూసేవాళ్లుండరు. ఆ మిషన్‌లో బ్యాంకు పని పెట్టుకోకు.

విండోస్ 11 ఎక్కని మిషన్లకు నేను లైనక్స్ వేస్తున్నాను. నాచుపల్లి జేఎన్‌టీయూలో చదివే పిల్లలు సెలవులకు వచ్చినప్పుడు వాళ్లే అడుగుతారు. అక్కడ డ్రైవర్ లెక్క వేరు. మీడియాటెక్ 7601, పాత అథెరోస్ చిప్పు డ్రైవర్లు లైనక్స్ లోపలే ఉంటాయి, 7601ది 2015లో వచ్చిన 4.2 కెర్నల్ నుంచి ఉంది. పెట్టగానే నడుస్తాయి. రియల్‌టెక్‌లో కొన్నింటికి మాత్రం బయటి కోడ్ తెచ్చి కట్టుకోవాలి, కెర్నల్ మారినప్పుడల్లా మళ్లీ కట్టేందుకు డీకేఎంఎస్ పెట్టాలి, సెక్యూర్ బూట్ ఉంటే తాళం నమోదు చెయ్యాలి. రీస్టార్ట్ అప్పుడు వచ్చే నీలి తెరను చూడకుండా దాటేస్తే డ్రైవర్ పడుతుంది గాని లేవదు. కాబట్టి లైనక్స్ వేసే ఉద్దేశముంటే డాంగిల్ కొనేముందే చిప్పు చూసుకో. ‘సుడో’తో మొదలయ్యే ఆదేశాన్ని ఎవరో ఇచ్చారని కాపీ చేసి అతికించేముందు అది ఏ చోటు నుంచి ఏం దించుతుందో ఒక్కసారి చదువు.

12. రాసి పెట్టు.

నడిచిన డాంగిల్ మీద తెల్ల ప్లాస్టర్ ముక్క అంటించి చిప్పు నంబరు పెన్నుతో రాయి. ఎక్కించిన డ్రైవర్ ఫైలును ఒక పెన్‌డ్రైవ్‌లో దాచు. ఫోల్డర్‌కు ‘వైఫై కొత్తది’ అని పేరు పెట్టకు, వీఐడీ, పీఐడీ, విండోస్ ఏదో, ఎక్కడి నుంచి దించావో, తేదీ పెట్టు. రేపు విండోస్ చెడిపోయి మళ్లీ ఎక్కించాల్సి వచ్చినప్పుడు, ఆ ఇంట్లో టెథరింగ్‌కు ఫోన్ కూడా లేనప్పుడు అదే దిక్కు. రాతకు తాళం వేసే చిన్న స్విచ్ ఉన్న పెన్‌డ్రైవ్ దొరికితే రూపాయి ఎక్కువైనా తీసుకో. ఊళ్లో ప్రతి కంప్యూటర్‌లోనూ దూరి వచ్చేది అదే, ఒక ఇంటి వైరస్‌ను ఇంకో ఇంటికి మోసేదీ అదే.